నైలు సింహాసనం – 9వ భాగం: బత్తెం అందని నెల

మూడో రామ్సెస్ గద్దెనెక్కిన 29వ సంవత్సరం. మన లెక్కలో క్రీ.పూ. 1157 ప్రాంతం. చలికాలపు రెండో నెల, పదో రోజు. థీబ్స్ నగరానికి ఎదురుగా, నైలు పడమటి ఒడ్డున రాజుల సమాధులు తొలిచే పనివాళ్లు పని ఆపేసి కదిలారు. వాళ్లుండే చోటికీ బయటి లోకానికీ నడుమ కాపలా కోసం ఐదు గోడలున్నాయి. గుంపుగా వాటిని దాటి రావడమంటే పని మానేశామని అందరికీ చాటడమే. ఆకలితో ఉన్నామనీ, నెలలో 18 రోజులు గడిచిపోయాయనీ అంటూ వచ్చి మూడో థుత్మోస్ గుడి వెనక బైఠాయించారు. మేస్త్రీలు, లేఖకులు పరుగున వచ్చి వెనక్కి రమ్మని కేకలేశారు. పగలంతా ఒక్కరూ లేవలేదు.

అమెన్‌నఖ్త్ అనే లేఖకుడు ఇదంతా తేదీలతో సహా రాసిపెట్టాడు. ఆ పపైరస్ ఇప్పుడు ఇటలీలోని టురిన్ మ్యూజియంలో ఉంది. రాతలో దొరికిన సమ్మెల్లో ఇదే అన్నిటికన్నా పాతదని చరిత్రకారులు చెబుతారు. దేవుడే రాజుగా కూర్చున్న దేశంలో, ఆ దేవుడి సమాధి కట్టేవాళ్లకే తిండి ఎందుకు కరువైంది? కడుపు మాడినవాళ్లు ఆ దేవుణ్ణి ఇంకా నమ్మారా?

గత భాగంలో రెండో రామ్సెస్ వైభవం చూశాం. అబూ సింబెల్ కొండను తొలిపించి, గర్భగుడిలో ఆమున్, రా, ప్తా దేవుళ్ల సరసన తన విగ్రహాన్నే కూర్చోబెట్టిన రాజు ఆయన. కాదేష్ యుద్ధం తర్వాత హిట్టైట్లతో సంధి చేసుకుని, మొత్తం 66 ఏళ్లు ఏలాడు. ఆయన కొడుకు మెర్నెప్తా తర్వాత వారసుల తగాదాలు మొదలయ్యాయి. చివరికి తౌస్రెత్ రాణితో 19వ రాజవంశం ముగిసింది. ఆ గందరగోళంలోంచి సెత్‌నఖ్త్ అనేవాడు పైకి వచ్చాడు. పాత రాజవంశంతో అతనికి ఏం చుట్టరికమో తేల్చే ఆధారమేదీ లేదు. రెండు మూడేళ్లకే అతను పోయి, కొడుకు గద్దెనెక్కాడు. అతనే మన మూడో రామ్సెస్.

కొత్త వంశపు రాజుకి ఒక బెంగ ఎప్పుడూ ఉంటుంది. తండ్రి బలంతో సంపాదించిన గద్దెని తాను పుట్టుకతోనే వచ్చిందని చూపించుకోవాలి. మూడో రామ్సెస్ అందుకు ఎంచుకున్న దారి రెండో రామ్సెస్‌లా బతకడం. పట్టాభిషేక నామం ఆయనదే కాస్త మార్చి పెట్టుకున్నాడు. కొడుకులకు ఆయన కొడుకుల పేర్లే పెట్టాడు. మెదినెత్ హాబులో తన గుడిని ఆయన కట్టిన రామేసియం నమూనాలోనే కట్టించాడు. ఒక్క విషయంలో మాత్రం ఆ పెద్దాయనకి రాని కష్టం ఇతనికి వచ్చింది. పడమటి నుంచి లిబియన్లు ఐదో ఏట, మళ్లీ పదకొండో ఏట వచ్చిపడ్డారు. మధ్యలో ఎనిమిదో ఏట సముద్రం మీదుగా, నేల మీదుగా కుటుంబాలతో, ఎద్దుబళ్లతో సహా ఇంకో దండు దిగింది. చరిత్రకారులు వాళ్లని సముద్ర జాతులంటారు. ఆ కల్లోల కాలంలోనే హిట్టైట్ సామ్రాజ్యం కూలింది, సిరియా తీరంలోని ఉగారిత్ రేవు కాలిపోయింది. ఈజిప్టు నిలిచింది. నది ముఖద్వారంలో జరిగిన ఓడల పోరుని మెదినెత్ హాబు గోడ మీద ఇప్పటికీ చూడొచ్చు. అంత పెద్ద ఆపద నుంచి దేశాన్ని కాపాడిన రాజుని జనం దేవుడనుకోవడంలో వింతేముంది?

అయితే ఈజిప్టు రాజు దేవుడవడానికి యుద్ధాలు గెలవనక్కర్లేదు. ఆ గద్దె మీద కూర్చోవడమే చాలు. బతికున్న రాజు హోరస్, పోయిన రాజు ఒసైరిస్. తండ్రికి అంత్యక్రియలు జరిపించిన కొడుకే హోరస్ స్థానంలోకి వస్తాడు. పిరమిడ్ల కాలంలో, నాలుగో రాజవంశం నాడు, రాజులు సూర్యదేవుడైన రా కొడుకులమని బిరుదు పెట్టుకోవడం మొదలైంది. తర్వాత థీబ్స్ దేవుడు ఆమున్ ప్రాభవం పెరిగాక, ఆయనే రాజు రూపంలో రాణి దగ్గరకు వచ్చాడనీ, అలా పుట్టినవాడే కాబోయే ఫరో అనీ గుడి గోడల మీద చెక్కించారు. హత్షెప్సుత్ దేర్ ఎల్ బహ్రీలో, మూడో అమెన్‌హోతెప్ లక్సర్ గుడిలో ఈ జన్మకథని బొమ్మల వరసగా వేయించుకున్నారు.

ఇక్కడ ఒక సూక్ష్మం ఉంది. దాన్ని పట్టుకోకపోతే ఈ నాగరికతే అర్థం కాదు. రాజు శరీరం మనిషిదేనని ఈజిప్టు వాళ్లకి తెలుసు. అతను ముసలివాడవుతాడు, పళ్లు పుచ్చుతాయి, చచ్చిపోతాడు. దైవం ఉండేది ‘కా’ అనే ప్రాణశక్తిలో. అది ఒక రాజు నుంచి మరో రాజుకి వస్తూ ఉంటుంది. ఏటా వరద కాలంలో వచ్చే ఓపెత్ పండుగకి కర్నాక్ నుంచి ఆమున్ ఉత్సవ విగ్రహాన్ని పడవలో లక్సర్‌కి ఊరేగిస్తారు. రాజు లోపలి గదిలోకి వెళ్లి దేవుడితో ఏకాంతంగా గడిపి, ఆ ‘కా’ను మళ్లీ నింపుకుని బయటికి వస్తాడు. బయట కాచుకుని ఉన్న జనం జయజయధ్వానాలు చేస్తారు. ఆ కేకల్లో కపటం ఉందని నేననుకోను. వాళ్లు మొక్కింది ఒక మనిషి ద్వారా తమ దాకా వచ్చిన శక్తికి.

ఆ శక్తికి బదులుగా రాజు ఒక పని చేయాలి. దాని పేరు మాత్. నైలు వేళకి పొంగడం, తూకం సరిగ్గా ఉండటం, పేదవాడికి న్యాయం దక్కడం, శత్రువు పొలిమేర దాటకపోవడం, అన్నీ మాత్ కిందికే వస్తాయి. దేశంలో ఏ గుడి గోడ చూసినా దేవుడికి నైవేద్యం పెడుతున్నది రాజు ఒక్కడే. నిజానికి తెల్లవారుజామున గర్భగుడి తలుపు తీసేది పూజారి. అయినా తాను రాజు తరఫున వచ్చానని చెప్పుకునే లోపలికి అడుగుపెడతాడు. రాజు దేవుళ్లకి పెడితే దేవుళ్లు దేశానికి పెడతారు. ఆ దేశంలో ధాన్యపు గరిసె ఖాళీ అయితే అది లెక్కల గుమస్తా దగ్గర ఆగే తప్పు కాదు. అది సృష్టి క్రమంలోనే వచ్చిన పగులు.

ఇక సమ్మె చేసిన ఊరి సంగతి. ఇప్పుడు దేర్ ఎల్ మదీనా అంటున్న ఆ పల్లె ఎడారి లోయలో ఉంది. చుట్టూ గోడ, మధ్యలో ఇరుకు వీధి, గోడల్ని ఆనుకుని 70 దాకా ఇళ్లు. బావి లేదు. నీళ్లు గాడిదల మీద కింది నుంచి రావాలి. చేపలు, కూరగాయలు, కట్టెలు, కుండలు తెచ్చి ఇచ్చేందుకు వేరే మనుషులుంటారు. బట్టలుతికే చాకళ్లు కూడా సర్కారు తరఫునే. పనివాళ్లు ఓడ సిబ్బందిలాగా కుడి జట్టు, ఎడమ జట్టుగా ఉంటారు. ఒక్కో జట్టుకి ఒక మేస్త్రీ. వారమంటే పది రోజులు. ఎనిమిది రోజులు రాజుల లోయలో పని, కొండ మీది గుడిసెల్లో నిద్ర. తర్వాత రెండు రోజులు ఇల్లు.

రెండో రామ్సెస్ 40వ ఏటి హాజరు పట్టీ ఒకటి సున్నపురాతి పలక మీద దొరికింది. ఎవరెవరు ఎందుకు రాలేదో ఎర్రసిరాతో రాశారు. ఒకడికి తేలు కుట్టింది. ఒకడు ఇంట్లో బీరు కాస్తున్నాడు. ఒకడు తల్లి శవానికి గుడ్డలు చుట్టే పనిలో ఉన్నాడు. ఇంకొకడి ఇంట్లో ఆడవాళ్లు బహిష్టు. మూడు వేల ఏళ్ల కిందటి మనుషులు ఇంత దగ్గరగా మరే ఊళ్లోనూ కనిపించరు. ఆడవాళ్లకి సొంత ఆస్తి ఉండేది. మూడో రామ్సెస్ పోయిన పదేళ్లకి నౌనఖ్త్ అనే ముసలావిడ ఊరి పంచాయితీలో నిలబడి, తనని చూసుకోని బిడ్డలకి తన వాటాలోంచి ఏమీ రాదని వీలునామా రాయించింది.

ఈ ఊరి దేవుడు కూడా ఒక రాజే. అప్పటికి మూడు వందల ఏళ్లకి పైగా దాటింది మొదటి అమెన్‌హోతెప్ పోయి. ఆయన్నీ, ఆయన తల్లి అహ్మోస్ నెఫెర్తారినీ ఇంటింటా కొలిచేవారు. పండుగనాడు ఆయన విగ్రహాన్ని భుజాల మీద మోస్తూ తగాదాలు ఎదుట పెట్టేవారు. విగ్రహం ముందుకు కదిలితే అవునని, వెనక్కి పోతే కాదని తీర్పు. దొంగిలించిన బట్టల వ్యవహారం దగ్గర నుంచి ఇంటి హక్కుల దాకా ఆ రాజే తేల్చేవాడు. సింహాసనానికి వాళ్లెంత దగ్గరగా బతికారో దీన్ని బట్టి తెలుస్తుంది. అదే ఊళ్లో దొరికిన ఇంకో పపైరస్‌లో హోరస్, సేత్‌ల వారసత్వ తగాదా కథ ఉంది. తండ్రి గద్దె కోసం 80 ఏళ్లు సాగిన వ్యాజ్యం అది. అందులో దేవుళ్లు అలుగుతారు, తిట్టుకుంటారు, మోసం చేసుకుంటారు. ఆ కథ విని నవ్వినవాళ్లే మర్నాడు రాజు సమాధిలో ఆ దేవుళ్ల బొమ్మల్ని భక్తిగా దిద్దారు. రెండూ వాళ్లకి పొసిగాయి.

వాళ్ల జీతం ధాన్యం. మామూలు పనివాడికి నెలకి నాలుగు బస్తాల గోధుమ, ఒకటిన్నర బస్తా బార్లీ. అప్పటి బస్తా కొలత సుమారు 76 లీటర్లు. గోధుమతో రొట్టె, బార్లీతో బీరు. మేస్త్రీకి మొత్తం ఏడున్నర బస్తాలు. పేద జీతం కాదది, ఇంటిల్లిపాదీ తినగా మిగిలింది మారకానికి వాడుకునేవారు. సొంత పొలాల్లేవు కాబట్టి బత్తెం ఆగితే మాత్రం పొయ్యి కూడా ఆగుతుంది.

ఎందుకు ఆగింది? పుష్కలంగా ధాన్యమున్న దేశమే అది. ఆమున్ గుడికి రాజు సమకూర్చిన సంపద లెక్క హారిస్ పపైరస్‌లో ఉంది. నలభై మీటర్లకు పైబడిన ఆ చుట్ట ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. థీబ్స్ ఆమున్ ఆస్తుల కింద 86,486 మంది మనుషులు, 421,362 పశువులు, 433 తోటలు, 83 పడవలు చూపించారు. పొలాల మాట సరేసరి. తండ్రి కొత్తగా గెలుచుకున్న గద్దెకి దైవబలం కావాలి కదా. ఆ బలం కోసం రాజు దేవుళ్లకి ఇస్తూ పోయాడు. యుద్ధాలు ఖజానాని తిన్నాయి. ఉత్తరాన వ్యాపారం చేసే రాజ్యాలే లేకుండా పోయాయి. గోధుమ ధర ఆ రాజవంశం కాలంలో పెరుగుతూ పోయింది. వీటికి తోడు దారిలో దొంగతనం. తర్వాతి ఇద్దరు రాజుల కాలంలో ఖ్నుమ్‌నఖ్త్ అనే పడవ సరంగు ఎలిఫెంటైన్ గుడికి చేర్చాల్సిన ధాన్యంలో 5,000 బస్తాలకు పైగా కాజేశాడని ఫిర్యాదు నడిచింది. గుడి లేఖకులూ పాలేర్లూ కళ్లు మూసుకుంటే తప్ప ఏళ్ల తరబడి అంత ధాన్యం మాయమవదు. రాజు పేరున వసూలైన గింజ రాజు పనివాడి దాకా రాకుండా మధ్యలోనే మాయమవుతోంది. నా ఉద్దేశంలో వరదల కన్నా, యుద్ధాల కన్నా దేవుడి గద్దెని లోపలి నుంచి తొలిచింది ఇదే.

బైఠాయింపు మూడో రోజుకి పనివాళ్లు రామేసియం లోపలికి వెళ్లిపోయారు. లేఖకులూ పూజారులూ వచ్చి కూర్చుని వాళ్ల మాట రాసుకున్నారు. ఆకలిదప్పులు తమని ఇక్కడికి తెచ్చాయనీ, బట్టల్లేవనీ, ఒంటికి నూనె లేదనీ, చేపలూ కూరలూ లేవనీ చెప్పారు. ఫరోకి కబురు పంపమన్నారు. ఆయన తమ మంచి ప్రభువనీ, మహామంత్రికి కూడా చెప్పమనీ కోరారు. గరిసెలున్న గుడిని ఎంచుకుని కూర్చోవడం, ఎవరి విధో వాళ్లకే గుర్తుచేయడం, ఇందులో ఎంతో ఆలోచన ఉంది. రాజు దేవుడు కాడని ఒక్కరూ అనలేదు. దేవుడైతే తన బాధ్యత నెరవేర్చాలన్నారు. కిందటి నెల బాకీ ఆ రోజే చేతికందింది.

ఈ రాతప్రతిలో నాకు బాగా నచ్చే మనిషి పోలీసు అధికారి మెంత్‌మోస్. వాళ్లని చెదరగొట్టడం అతని ఉద్యోగం. అతనేమో పనిముట్లు తీసుకుని, ఇళ్లకి తాళాలేసి, పెళ్లాంబిడ్డల్ని వెంటబెట్టుకుని రండి, నేనే ముందుండి సేతి మహారాజు గుడికి తీసుకెళ్లి కూర్చోబెడతానన్నాడు. వారంలోపే ఆ నెల బత్తెం కూడా వచ్చింది. మళ్లీ ఆగింది. మళ్లీ గోడలు దాటారు. ఈసారి కొందరు ఇది ఆకలి గొడవ మాత్రమే కాదనీ, ఫరో స్థలంలో అధర్మం జరిగిందనీ తేల్చిచెప్పారు. చలికాలపు రెండో నెలలో తిండి కోసం మొదలైన గొడవ నెల తిరగ్గానే మాత్ గురించిన ఫిర్యాదైంది.

మహామంత్రి పేరు తో. అతను థీబ్స్ వచ్చాడు కానీ పనివాళ్లని చూడలేదు. వచ్చిన పని వేరు. రాజుకి 30 ఏళ్ల పాలన నిండబోతోంది. ఆ సందర్భంలో జరిగే సెద్ పండుగకి దక్షిణాది దేవుళ్ల విగ్రహాల్ని పడవల్లో ఉత్తరానికి తీసుకెళ్లాలి. ముసలి రాజు హద్దురాళ్ల నడుమ పరుగు తీసి, భూమి మీద తన అధికారాన్ని మళ్లీ స్థాపించుకుని, కొత్త బలంతో రెండోసారి పట్టం కట్టుకునే పండుగ అది. దేవుళ్లు పడవెక్కి ఉత్సవానికి వెళుతుంటే పనివాళ్లకి మంత్రి కబురు పంపాడు. గరిసెల్లోనే ఏమీ లేకపోయినా తనకి దొరికినంత ఇస్తానన్నాడు. దొరికింది సగం బత్తెం.

వేసవి మొదటి నెలలో పనివాళ్లు మెర్నెప్తా గుడి వెనక కూర్చుని, దారిన పోతున్న థీబ్స్ నగరాధికారిని కేకేశారు. ఫరో బత్తెం ఇచ్చేదాకా తినమని అతను 50 బస్తాల గోధుమ పంపించాడు. మంచిపని కదా అనుకుంటాం. ఆమున్ ప్రధాన పూజారి మండిపడ్డాడు. రెండో రామ్సెస్ గుడి నైవేద్యంలోంచి తీసి పనివాళ్లకి పెట్టడం ఘోరమైన నేరమన్నాడు. ఒకరిది నగర పాలన, ఇంకొకరిది గుడి పెత్తనం. ఇద్దరూ ఫరో సేవకులమనే చెప్పుకుంటారు. ఫరో ఎక్కడో ఉత్తరాన, డెల్టాలోని రాజధానిలో ఉన్నాడు. ఆయన పేరు మీద ఇక్కడ ఇద్దరు కొట్లాడుకుంటున్నారు.

పండుగ జరిగింది. ఆ తర్వాత రెండేళ్లకే అంతఃపురంలో కత్తి లేచింది. తియే అనే చిన్న రాణి తన కొడుకు పెంతావేర్‌ని గద్దె మీద కూర్చోబెట్టాలనుకుంది. రాజుగారి గదుల అధికారి పెబెక్కామెన్, వంటవాళ్లూ పానీయాలందించే ఉద్యోగులూ, అంతఃపుర స్త్రీలూ, కావలివాళ్ల భార్యలూ చేతులు కలిపారు. నూబియా విలుకాండ్ర నాయకుడికి అంతఃపురంలో ఉన్న చెల్లెలు, బయట జనాన్ని రెచ్చగొట్టి తిరుగుబాటు చేయించమని ఉత్తరం రాసింది. దేవుడి మీద కత్తెత్తుతున్నామని వాళ్లకీ తెలుసు. అందుకే కావలివాళ్ల చేతులు కట్టేయడానికి మైనపు బొమ్మలు చేశారు, మంత్రాలు రాశారు. రాజు దైవత్వాన్ని నమ్మనివాడికి వాటితో పనేముంది?

విచారణకి 12 మంది న్యాయాధికారులు కూర్చున్నారు. రాతప్రతుల్లో చాలామంది నిందితుల పేర్లని శాపనార్థాలుగా మార్చేశారు, పరలోకంలోనూ వాళ్లకి మంచి పేరు దక్కకూడదని. పెంతావేర్ కూడా అసలు పేరు కాదు. అతన్ని అక్కడే వదిలేస్తే తానే ప్రాణం తీసుకున్నాడని రాశారు. విచారణ నడుస్తుండగానే కొందరు న్యాయాధికారులు నిందితురాళ్లతో కలిసి తాగి తందనాలాడారు. వాళ్లకి ముక్కులూ చెవులూ కోశారు. పెబెస్ అనే న్యాయాధికారి ఆ అవమానంతో ఆత్మహత్య చేసుకున్నాడు.

రాజు ఏమయ్యాడో ఆ విచారణ రాసిన పపైరస్ నోరు విప్పి చెప్పదు. విచారణకి ఆజ్ఞ ఇచ్చింది రాజేనన్నట్టు రాస్తూనే, ఆయన్ని పోయిన రాజుల నడుమ ఒసైరిస్ ఎదుట నిలబెడుతుంది. రాజు హత్య జరిగిందా, కుట్ర విఫలమైందా అని వందేళ్లకు పైగా పండితులు వాదించుకున్నారు. 1881లో దేర్ ఎల్ బహ్రీ గుహలో దొరికిన మూడో రామ్సెస్ మమ్మీ మెడకి మందమైన కట్లున్నాయి. 2012లో ఈజిప్టు, ఇటలీ శాస్త్రవేత్తలు సీటీ స్కాన్ ఫలితాలు ప్రకటించారు. గొంతు అడ్డంగా తెగి ఉంది. గాయం వెన్నెముక దాకా దిగింది. గాలిగొట్టం, అన్నవాహిక, పెద్ద రక్తనాళాలు అన్నీ తెగాయి. ఆ గాయంలో మమ్మీ చేసినవాళ్లు హోరస్ కన్ను తాయెత్తు పెట్టారు. సేత్ పీకేసిన హోరస్ కన్ను తిరిగి బాగైన కథ ఉంది కదా, అలాగే ఈ దేవుడి గొంతూ పరలోకంలో అతుక్కోవాలని. అదే గుహలో మేకతోలు చుట్టిన ఒక యువకుడి శవం దొరికింది. జన్యు పరీక్షలో అది రాజు కొడుకుదే కావచ్చని తేలింది. పెంతావేర్ అయ్యే అవకాశమే ఎక్కువ.

32వ ఏట వేసవి మూడో నెలలో దేర్ ఎల్ మదీనాకి వార్త చేరింది. డేగ ఆకాశానికి ఎగిరిపోయింది, అంటే రాజు పోయాడు, కొత్త రాజు గద్దె మీద కూర్చున్నాడు. ఊరి లేఖకులు రెండు మాటల్నీ ఒకే చోట రాసుకున్నారు. ఎలా పోయాడన్న ఊసే లేదు. రాణి కొడుకు గెలవలేదు, న్యాయంగా రావాల్సిన నాలుగో రామ్సెస్ వచ్చాడు. తండ్రిని సమాధిలో పెట్టి తాను హోరస్ అయ్యాడు. మనిషి గొంతు తెగినా సింహాసనంలోని దేవుడికి ఒక్క రోజు విరామం రాలేదు. కొత్త రాజు తన సమాధి త్వరగా పూర్తికావాలని పనివాళ్ల సంఖ్యని 120కి పెంచాడు. అన్ని నోళ్లకి బత్తెం ఎక్కడి నుంచి వస్తుందన్నది మాత్రం తేలలేదు.

అక్కడి నుంచి నలభై ఏళ్లకి అదే పడమటి ఒడ్డున జనం ఇంకో దారి కనిపెట్టారు. గరిసెల్లో గోధుమ లేకపోయినా, కొండల్లో తమ తాతలు దాచిన బంగారం ఉంది. తొమ్మిదో రామ్సెస్ 16వ ఏట రాజసమాధుల్ని దోచేస్తున్నారని థీబ్స్ తూర్పు ఒడ్డు అధికారి పాసెర్ ఆరోపించాడు. పడమటి ఒడ్డు అధికారి పావెరా అదంతా అబద్ధమన్నాడు. పట్టుబడ్డవాళ్లలో రాళ్లు చెక్కేవాళ్లున్నారు, వడ్రంగులున్నారు, పూజారులున్నారు. ఒక రాజు మమ్మీ మీది బంగారు రేకుల్ని ఎలా ఒలిచారో వాళ్లు పూసగుచ్చినట్టు చెప్పిన వాంగ్మూలాలు మన చేతికి చిక్కాయి. వచ్చే భాగంలో ఆ ఇద్దరు అధికారుల వైరం, ఆ దొంగల విచారణ, ఫరో పక్కనే అతనంత ఎత్తున తన బొమ్మ చెక్కించుకున్న ఆమున్ ప్రధాన పూజారి సాహసం చూద్దాం.